మొదటి ఏడుపు

అన్నయ్యా,

పాప పుట్టింది. ఇద్దరం క్షేమం. ఫోన్ చేయలేదని కోప్పడకు. ఊళ్ళో అక్కడక్కడా దిగుతున్న ఆ నిశ్శబ్దం, నాకు నొప్పులు మొదలైన రోజే మా వీధి మీదా దిగింది. గిన్నె పడినా చప్పుడు రాదు, గొంతు చించుకుని అరిచినా పక్క మనిషికి వినపడదు. పాప ఏడవడం కళ్ళతో చూశానే గానీ, ఇంతవరకూ చెవులతో వినలేదు.

ఇందులో పుట్టిన పిల్లలకు మాట రాదని జనం అనుకుంటున్నారు. "మూగదేమోనే. బయటికి తీసుకెళ్ళి ఆ సంగతి ఇప్పుడే తెలుసుకోవాలా?" అని అత్తయ్య పలక మీద రాసి చూపించారు. మీ బావ తల దించుకున్నారు. నేను పలక తుడిచి, "ఆదివారమే తీసుకెళ్తా" అని రాశాను. పాలకు ఏడ్చినప్పుడల్లా దాని గొంతు మీద వేలు పెడతాను. సన్నగా అదురుతుంది. నాకది చాలు.

ఆదివారం పొద్దున మా వీధి చివర, చప్పుళ్ళు మొదలయ్యే మందుల షాపు దగ్గర నిలబడు. పాపను ఎత్తుకుని నేనే నడిచి వస్తాను. ఏడుపు వినపడితే సంతోషం. వినపడకపోతే మాత్రం నా ముఖం వైపు చూడకు. ముందు నీ మేనకోడల్ని ఎత్తుకో.

నీ చెల్లి