మిగిలిపోయిన రబ్బరు రింగు

జూన్ 3, సోమవారం

పనిముట్ల బ్యాగు దులుపుతుంటే రబ్బరు రింగు ఒకటి కింద పడింది. నల్లది, కొత్తది. దాని మీద పౌడరు కూడా పోలేదు.

ఇది మిగలకూడదు.

జూన్ 3, సాయంత్రం 6

రాసుకుంటేనన్నా కుదురు దొరుకుతుందేమో చూద్దాం.

పోయిన వారం సబ్‌స్టేషన్ కొత్త ఫైబర్ లైను మీద పదకొండు జాయింట్ బాక్సులు వేశాను. ఫైబర్ పోగుల్ని మిషన్లో ఒకదానికొకటి అతికించి, ట్రేలో చుట్టి, పైన ప్లాస్టిక్ మూత బిగిస్తాం. మూతకీ అడుగుకీ మధ్య ఈ రింగు కూర్చోవాలి. అది ఉంటేనే నీళ్లు లోపలికి దిగవు. పెట్టెకి ఒక్కటే ఇస్తారు. ఇంకోటి అడిగితే స్టోర్ వాడు ఆస్తి రాసిమ్మన్నట్టు చూస్తాడు. పదకొండు కిట్లు తీసుకున్నాను, పదకొండు పెట్టెలు మూశాను, రింగు ఒకటి చేతిలో ఉంది. అంటే ఒక పెట్టె రింగు లేకుండానే మూతపడింది.

ఏ పెట్టె?

వానలు ఇంకా మొదలుకాలేదు. అదొక్కటే నయం.

టీ చల్లారిపోతోందని అత్తయ్య రెండుసార్లు చెప్పింది. చేతిలో అదేంటని అడిగింది. కుక్కర్ గ్యాస్కెట్ అన్నాను. మన కుక్కర్ ఎప్పుడు ఇంత చిన్నదైపోయిందే అమ్మాయ్ అంది.

జూన్ 4, మంగళవారం

ఫోనులో పోయిన వారం ఫోటోలు తెరిచి చూశాను. మూత పెట్టే ముందు, రింగు గాడిలో కూర్చున్నట్టు ఫోటో తీసి ఆఫీసుకి పంపాలని రూలు. పదకొండు ఫోటోలూ ఉన్నాయి. అన్నింట్లోనూ రింగు కనిపిస్తోంది. హమ్మయ్య అనుకున్నాను. ఆ హమ్మయ్య రెండు నిమిషాలు కూడా నిలవలేదు.

నాలుగు, ఏడు, తొమ్మిది. ఆ మూడు పెట్టెలకీ నేను ఫోటోలు తీయనే లేదు. మూడో పెట్టె ఫోటోనే కాస్త కత్తిరించి, అటూ ఇటూ తిప్పి పంపాను.

అందరూ చేసేదే. మిట్టమధ్యాహ్నం నిచ్చెన మీద, ఒక చేత్తో మూత, ఇంకో చేత్తో ట్రే, ఫోటో దేంతో తీయాలి, ముక్కుతోనా? మా టీంలో నాతోపాటు జాయింట్లు వేసేవాడు ఒకడున్నాడు, కళ్లజోడు అంటాం. ఒకే ఫోటోని నెలంతా తిప్పి తిప్పి వాడానని ఓసారి గొప్పగా చెప్పుకున్నాడు. ఆరోజు అందరికంటే గట్టిగా నవ్వింది నేనే.

ఇప్పుడు నేనాడిన అబద్ధాన్ని నేనే సాక్ష్యం అడుగుతున్నాను. సిగ్గులేని దాన్ని.

జూన్ 5, ఉదయం 5

కన్ను మూతపడలేదు. నాలుగు, ఏడు, తొమ్మిది. నాలుగు, ఏడు, తొమ్మిది.

జూన్ 5, బుధవారం, మధ్యాహ్నం

మా ఆయన లైన్‌మన్. భోజనం చేస్తూ చల్లగా చెప్పాడు. ఎల్లుండి, శుక్రవారం, సబ్‌స్టేషన్ పక్క టవర్ మీద వాళ్ల గ్యాంగుకి పని ఉందట. ఒక కరెంటు లైను ఆపేస్తారట, పక్క లైను మాత్రం నడుస్తూనే ఉంటుందట.

ఆ పక్క లైన్లో ఏదైనా తేడా జరిగితే అవతలి చివరున్న సబ్‌స్టేషన్‌కి కబురు వెళ్లేది నేను అతికించిన ఫైబర్లోంచే. కబురు అందగానే, కన్ను మూసి తెరిచేలోగా, కరెంటు తెగిపోతుంది. అందకపోతే ఇంకో అర సెకను పడుతుంది. అర సెకనేగా అనేవాళ్లు టవర్ ఎక్కనివాళ్లు. కబురుకి మామూలుగా ఇంకో దారి కూడా ఉంటుంది. అది నెల నుంచి రిపేర్లో ఉంది. పెట్టెలోకి నీళ్లు చేరేదాకా అంతా బాగానే ఉన్నట్టు కనిపిస్తుంది, టెస్టులో కూడా ఏమీ తెలియదు.

ఈసారి ఫైబర్ మా ఆవిడ వేసింది, నాకేం భయం అని గ్యాంగులో అందరికీ చెప్పాడట. చెబుతూ నవ్వుతున్నాడు.

చెప్పేద్దామని నోరు తెరిచాను. ఉప్పు సరిపోయిందా అని అడిగాను.

ఎందుకు చెప్పలేదో ఇక్కడన్నా నిజం రాసుకోవాలి. సోమవారం కొత్త లైనుకి ఇన్‌చార్జిని వేస్తారు. నేనో, కళ్లజోడో. ఎనిమిదేళ్లుగా నిచ్చెనలు ఎక్కుతున్నాను. ఫోటోల సంగతి బయటపడితే ఇన్‌చార్జి మాట దేవుడెరుగు, మిషన్ కూడా ముట్టుకోనివ్వరు. అందుకే ముందు నేనే వెతుక్కుంటాను. దొరికితే చప్పుడు చేయకుండా రింగు పెట్టేస్తాను.

జూన్ 6, గురువారం, మధ్యాహ్నం 2

కడుపునొప్పి అని లీవు పెట్టాను. రంగులు వేసే ఆయన దగ్గర నిచ్చెన అడిగి తెచ్చుకున్నాను. ఏ గోడకి వేస్తున్నావమ్మా, ఏ రంగు అని ఒకటే ఆరా. నల్లరంగు అన్నాను. ఇంటికా అని నోరు తెరిచాడు.

నాలుగో పెట్టె విప్పాను. రింగు ఉంది. నిచ్చెన మీదే పిచ్చిదానిలా నవ్వాను. కింద కూరగాయలమ్మే ఆవిడ తలెత్తి చూసింది.

తొమ్మిదో పెట్టె విప్పాను. ఇందులోనూ ఉంది. ఈసారి నవ్వు రాలేదు.

మిగిలింది ఏడు. ఏడు సబ్‌స్టేషన్ యార్డు లోపల ఉంది. గేటు, తాళం, పర్మిట్. పర్మిట్ కాగితం మీద కారణం రాయాలి.

సాయంత్రం 4.30

వాన. ముప్పావుగంట దంచికొట్టింది. కాలుగాలిన పిల్లిలా ఆ తిరుగుడేంటే అంది అత్తయ్య. బట్టలు తడుస్తాయని అన్నాను. బట్టలు పొద్దుననగా తీసేశావంది.

జూన్ 7, శుక్రవారం, ఉదయం 6.10

మా ఆయన బెల్టు, హెల్మెట్ తీసుకుని బయల్దేరాడు. ఈరోజు వెళ్లొద్దు అన్నాను. ఎందుకన్నాడు. ఏం చెప్పను? నా నుదురు మీద చెయ్యి పెట్టి చూసి, జ్వరమేం లేదే అని వెళ్లిపోయాడు.

6.40

ఫోను చేతిలోనే ఉంది.

6.55

కంట్రోల్ రూముకి చేశాను.

మధ్యాహ్నం 3

ఏడో పెట్టెలో రింగు లేదనుకుంటున్నాను, నేను పంపిన ఫోటో దొంగ ఫోటో అని చెప్పాను. ఆపరేటర్ నా పేరు రెండుసార్లు అడిగాడు. ఏం చెబుతున్నావో తెలిసే చెబుతున్నావా అమ్మా అన్నాడు. తెలిసే అన్నాను. పని ఆపేశారు. మా ఆయన అప్పటికే సగం టవర్ ఎక్కాడట. దించేశారు.

పదింటికి పెట్టె విప్పాం. సూపర్‌వైజర్, కళ్లజోడు, గ్యాంగు మొత్తం చుట్టూ నిలబడ్డారు. మూత బిగించిన క్లాంపు వదులు చేయగానే నీళ్లు కారాయి. అర గ్లాసుకి తక్కువ ఉండవు. లోపల నీటి మరక అంచు ట్రేకి రెండు వేళ్ల కింద ఆగింది. నిన్నటిలాంటి వాన ఇంకొక్కటి చాలు.

ఫోటోలు ఎన్ని అలా పంపావని సూపర్‌వైజర్ అడిగాడు. మూడు అన్నాను. ఇంకెవరైనా ఇలా చేస్తున్నారా అని అడిగాడు. నా సంగతి నేను చెప్పాను సార్, మిగతాది నన్నడక్కండి అన్నాను. కళ్లజోడు నేల చూపులు చూస్తున్నాడు.

తుడిచి, ఆరబెట్టి, మళ్లీ టెస్టు చేశాను. ఆఖర్న రింగు పెట్టాను. నాలుగు రోజులు నా వెంట తిరిగిన రింగే. ఫోటో తీశాను.

గేటు దగ్గర మా ఆయన ఆపాడు. ఎప్పటినుంచి తెలుసని అడిగాడు. సోమవారం నుంచి అన్నాను. నాలుగు రోజులు నా పక్కన కూర్చుని తిన్నావే అన్నాడు. అరిచినా బాగుండేది. గ్యాంగుతో కలిసి జీపెక్కి వెళ్లిపోయాడు.

జూన్ 8, శనివారం

మాట్లాడటం లేదు. ఉప్పు కూడా అత్తయ్యనే అడుగుతున్నాడు.

జూన్ 9, ఆదివారం

ఇవాళ కూడా అంతే. కోపం రావాల్సిందే. నాకే నా మీద ఇంత కోపంగా ఉంటే ఆయనకి ఎంత ఉండాలి. అయినా, ఒక్క మాటన్నా తిట్టొచ్చుగా.

జూన్ 10, సోమవారం

కళ్లజోడే ఇన్‌చార్జి. నేను మూడు నెలలు కేబుల్ లాగే గ్యాంగులో ఉండాలి. మిషన్ అప్పగించి వచ్చాను. ఏడుపొచ్చింది. స్టోర్ గదిలోకి వెళ్లి ఏడ్చాను. స్టోర్ వాడు ఏమనుకున్నాడో ఏమో, ఒక కొత్త రింగు తెచ్చి అడగకుండానే చేతిలో పెట్టాడు. స్పేర్ ఉంచుకోమన్నాడు. ఏడుపులోనే నవ్వొచ్చింది.

వస్తుంటే కళ్లజోడు వెనకాలే వచ్చాడు. శని, ఆదివారాలు తన పెట్టెలన్నీ విప్పి చూసుకున్నాడట. ఎన్ని దొరికాయని అడిగాను. కళ్లజోడు తీసి తుడుచుకున్నాడు. అడగొద్దన్నాడు.

రాత్రి భోజనాల దగ్గర మా ఆయన కంచంలోకి చూస్తూనే చెప్పాడు. ఆగిపోయిన పని బుధవారం పెట్టారట. ఏడో పెట్టెలో రింగు సరిగ్గా కూర్చుందా అని అడిగాడు. నన్నే అడిగాడు. ఫోటో చూపిద్దామని గబగబా ఫోను తీశాను.

ఫోటో వద్దు, నువ్వు చెప్పు అన్నాడు.

కూర్చుంది అన్నాను.

ఉప్పు అందుకోమన్నాడు.

జూన్ 11, మంగళవారం

రాత్రంతా ఒకటే వానట. పొద్దున అత్తయ్య చెప్పింది. నాకు తెలియదు.