కదిలిన కాలి వేలు

చిరంజీవి జయపాల్‌ను అమ్మ దీవించి రాయునది.

ప్రభువు కృప వలన ఇక్కడ అందరం క్షేమం అని రాయబోయి ఆగాను నాన్నా. అక్క పోయాక ఆ 'అందరం' అనే మాటకి చెయ్యి రావడం లేదు. నేనూ, అక్క కూతురు ఆరాధనా బాగానే ఉన్నాం. మీ బావ ఇంట్లో ఉండలేక పొద్దస్తమానం మిరప కళ్లంలోనే ఉంటున్నాడు.

ఫోన్లో నాకు వినపడదని నువ్వు ఓపిగ్గా రాసిన ఉత్తరం అందింది. బీపీ బిళ్లలు వేసుకుంటున్నానా అని అడిగావు. మింగేదాకా ఆరాధన కదలడం లేదు.

నా సినిమాల సంగతి నీ పిల్లలు అడుగుతున్నారన్నావు. ఏముంది చెప్పడానికి. ప్రత్తిపాడు చర్చిలో క్రిస్మస్ నాటకాలు వేసేదాన్ని. అక్కణ్ణుంచి నాటకం కంపెనీ, తర్వాత మద్రాసు. పాతికేళ్లు నిండకుండానే జుట్టుకి తెల్లరంగు పూసి తల్లి వేషాలిచ్చారు. నాకంటే పదేళ్లు పెద్దయిన హీరోగారు 'అమ్మా' అని కాళ్ల మీద పడి, షాట్ అవగానే "ఏమ్మాయ్, కాఫీ తాగావా" అనేవాడు. బాగుండేవి ఆ రోజులు.

ఆ పాత సినిమాని కంప్యూటర్లో శుభ్రం చేసి మళ్లీ వదులుతున్నారనీ, అందులో అక్క కాలి వేలు కదలడం కూడా ఆపేస్తారనీ సంబరంగా రాశావు. అదే నా దిగులు.

అది నువ్వు పుట్టకముందు సంగతి. బిడ్డ చచ్చిపోయిన తల్లి వేషం నాది. కంపెనీ వాళ్లు తెచ్చిన పిల్ల ఏడుపు ఆపకపోతే, మూడేళ్ల మన జయకుమారిని పడుకోబెట్టి తెల్లగుడ్డ కప్పారు. అది ఒకటే నవ్వు. "శవానికి ఇంత హుషారేంటమ్మా" అన్నాడు డైరెక్టరుగారు. ఎన్నిసార్లో తీసి, చివరికి సరేనన్నారు. వేలు కదిలింది ఎవరూ చూసుకోలేదు. గుంటూరు హాల్లో తెర మీద పడ్డాక బెంచీలోంచి ఎవడో "ఒరేయ్, పిల్ల బతికే ఉందిరా" అని అరిచాడు. హాలంతా ఈలలు. ఆ కంపెనీ మళ్లీ నన్ను పిలవలేదు. నీ వల్లే అమ్మ వేషాలు పోయాయని మీ నాన్న అక్కని ఎన్నేళ్లు ఆటపట్టించాడో నువ్వూ విన్నావు.

ఆ వేలు అక్క కదపలేదు నాన్నా. అప్పటికి అలిసిపోయి నిజంగానే నిద్రపోయింది. ఆ గుడ్డ కింద ఉలుకూ పలుకూ లేకపోయేసరికి నాకు భయమేసింది. మీద పడి ఏడుస్తూనే చాటుగా దాని అరికాలు గీరాను. వేలు ఆడింది. నా ప్రాణం కుదుటపడింది.

మొన్న అక్క పెట్టె మూసేముందు నేను ఏడవకుండా దాని కాళ్ల దగ్గరే కూర్చున్నానని అందరూ వింతగా చూశారు. అప్పుడూ గీరాను.

ఇప్పుడు ఆరాధన ఫోన్లో ఆ ముక్క పెడితే చూస్తున్నాను. వేలు కదిలేదాకా చూసి, మళ్లీ పెట్టమంటున్నాను.

కెమెరా ముందు కూర్చుని ఆ సినిమా గురించి మాట్లాడమని, దాన్ని మళ్లీ వదిలేవాళ్లు అడిగితే రానన్నాను కదా. వస్తానని చెప్పు. వాళ్లు ఎంతసేపు కూర్చోమంటే అంతసేపు కూర్చుంటాను, ఏడవమంటే ఏడుస్తాను. సినిమాలో గీతలు తుడుచుకోనీ, రంగులు వేసుకోనీ. ఆ వేలి జోలికి మాత్రం పోవద్దను.

ఇట్లు,
మీ ఇద్దరి అమ్మ