పాడైన రిలే

బోయిగూడ, మంగళవారం రాత్రి

వేడి చాయ్ ఒలికి ఎడమ చెయ్యి కాలినా మా ఆమెకు తెలియలేదు. ఈరోజు ఆసుపత్రికి తీసుకెళ్లాను. డాక్టరమ్మ స్కానింగ్ ఫిల్మ్ చూపించింది.

"మెదడులో దీన్ని రిలే అంటారు తాతా. చేతికి తగిలింది ఇదే పైకి పంపుతది. ఇప్పుడిది చెడిపోయింది."

నా ఉద్యోగమంతా రైల్వే రిలే గదిలోనే గడిచింది. పాడైనదాన్ని పీకి కొత్తది బిగిస్తే సిగ్నల్ పడేది.

"కొత్తది పెట్టరాదా అమ్మా?" అన్నాను.

డాక్టరమ్మ ఫిల్మ్‌ను కవరులో పెట్టి నా చేతికిచ్చింది.

ఇన్నేళ్లలో పగటిపూట మా ఆమె చెయ్యి పట్టుకున్నది లేదు. సాయంత్రం మంచం పక్కన కూర్చుని, ఆ ఎడమ చెయ్యే పట్టుకున్నాను. కాసేపటికి కళ్లు మూసుకునే పిలిచింది.

"ఏందయ్యా, యాడున్నవ్? జెర వచ్చి నా దగ్గర కూసోరాదు."

ఇంకాస్త గట్టిగా పట్టుకున్నాను.