వాడపల్లి వెళ్లని శనివారాలు

శనివారం, రాత్రి

ఆడపడుచు రమ్య వాడపల్లి వెంకన్నకి ఏడు శనివారాల మొక్కు మొక్కుకుందని ఇంట్లో చెప్పింది నేనే. తను వెళ్లేది రావులపాలెంలో కంప్యూటర్ క్లాసుకని తెలిసే చెప్పాను. ఐదు వారాలు బాగానే గడిచాయి.

ఈ రోజు నేను పొయ్యి దగ్గర పూతరేకులు తీస్తుంటే పక్కింటి పిన్నిగారు వచ్చారు.

"మీ రమ్యని రావులపాలెం సెంటర్లో చూసేనండీ."

అత్తయ్యగారు నా వైపు తిరిగారు. "ఏమ్మా, అది గుడికి కదూ వెళ్లింది?"

ఆయ్ అంటే సరిపోయేది. చేతిలో రేకు చిరిగిపోయింది, దాని తర్వాతదీ చిరిగింది. నా చేతిలో రేకు చిరగడం ఆవిడ ఎప్పుడూ చూడలేదు. ఇంకేమీ అడగలేదు.

రమ్య రాగానే సంచి వెతికారు. పుస్తకాలు దొరికాయి.

"క్లాసూ లేదు, గీసూ లేదు. వచ్చే శనివారం మీ వదినతో వెళ్లి, స్వామి ముందు లెంపలేసుకుని రా."

వచ్చే శనివారమే రావులపాలెంలో ఆ క్లాసు పరీక్ష.

"నువ్వేం చేస్తావులే వదినా, నీకు అబద్ధం రాదు" అంది రమ్య. తిట్టినా బాగుండేది. నన్ను ఏడో తరగతిలో బడి మాన్పించినప్పుడు మా వదినా ఇలాగే తలొంచుకుని నిలబడింది. ఆవిడ మీద నాకింకా కోపం పోలేదు.

అత్తయ్యగారు నన్ను నమ్మి పంపుతున్నారు. వాడపల్లి ఆటోలూ, రావులపాలెం బస్సులూ ఒక్కచోటే ఆగుతాయి. అక్కడ నిలబడ్డాక రమ్య నా మొహం కేసి చూస్తుంది. అప్పుడు నేను...