మాటల్లేని సినిమాలో అమ్మ

చోడవరం, ఆదివారం రాత్రి

తొలినాటి మూకీల్లా మాటా పాటా లేకుండా నేను తీసిన చెరుకు కోత సినిమాను సాయంత్రం ఇంట్లో గోడ మీద వేసి చూపించాను. అమ్మ వంగి గెడలు నరుకుతుంది, మోపు కడుతుంది, కొంగుతో చెమట తుడుచుకుంటుంది. అంతే. అన్నయ్యకు కోపం వచ్చేసింది.

"ఒసే, అమ్మున్న ముక్కంతా తీసెయ్. పెళ్లివారు సూస్తే నా పరువేటవుద్ది? అయినా మాటల్లేని సినిమా ఎవడు సూస్తాడు?"

"తియ్యను. మాటలుంటే జనం మాటలే ఇంటారు. నాకు ఆళ్లు అమ్మ సేతులు సూడాలి."

వాడు లాప్‌టాప్ లాక్కోబోతే అమ్మ అడ్డం వచ్చింది. "పెళ్లివారొచ్చిన్నాడు ముందు ఇదే ఏద్దాం. సూసినాక కూడా ఇష్టమైతేనే పిల్లనిమ్మను," అంది.

అన్నయ్య అన్నం తినకుండా బయటికి వెళ్లిపోయాడు. ఈ సంబంధం తప్పిపోతే చుట్టాలంతా నన్నే అంటారు. భయంగానే ఉంది. అననీ. అమ్మను మాత్రం తీసెయ్యను.

ఇప్పుడే సినిమా మొదట్లో అమ్మ పేరు చేర్చాను. మొత్తం సినిమాలో చదవడానికి ఉండే అక్షరాలు అవే. తెర నిండేంత పెద్దవిగా పెట్టాను.