చొక్కాలో నా వంతు

చిరంజీవి తమ్ముడికి,

అక్క దీవెనలు. మీ బావ ఇరవై ఆరేళ్ళుగా మోస్తున్న కార్మిక సంఘం కార్యదర్శి పదవిని వచ్చే నెల పదో తారీకున దించుకుంటున్నారు. వీడ్కోలు సభలో శ్రమ గురించి మాట్లాడతారట. ఇంట్లో రోజూ మాట్లాడేదే, అక్కడ మైకు ఉంటుంది. కంపెనీ రెడీమేడ్ చొక్కా తొడుక్కుని దోపిడీ గురించి మాట్లాడలేనన్నారు. మరి కొత్త చొక్కా ఎక్కడినుంచి వస్తుందో మాత్రం అడగలేదు.

నీకు కుట్టుపని నేర్పినదాన్ని, అడిగే హక్కు నాకుంది. పంతొమ్మిదేళ్ళుగా చొక్కాల ఫ్యాక్టరీలో ఉన్నావు. నీ చేత్తో ఒక్కటి కుట్టి పంపు. కొలతలు వెనక రాశాను.

నీ అక్క

తా.క.: నడుము కొలత మీ బావ చెప్పింది కాదు, నేను టేపు పెట్టి చూసింది.

*

అక్కకి నమస్కారాలు.

ఫ్యాక్టరీలో తల ఎత్తనివ్వని పని. పదో తారీకు లోపల కుదరదేమో. మా ఫ్యాక్టరీదే మంచి చొక్కా ఒకటి కొని పంపనా?

నీ తమ్ముడు

తా.క.: కొలతలు చూశాను. బావగారికి గుడ్డ కాస్త ఎక్కువే పడుతుంది.

*

చిరంజీవి తమ్ముడికి దీవెనలు.

నీ ఉత్తరం మీ బావకి చూపించడం నా బుద్ధి తక్కువ. నువ్వు సూపర్‌వైజరువై ఉంటావనీ, సూది పట్టడం నామోషీ అయిందనీ, యజమాని మనిషివైపోయావనీ తేల్చేశారు. రెండు పూటలు ఉపన్యాసం సాగింది. వినేది నేనొక్కదాన్నే కాబట్టి యజమానికి పడాల్సిన తిట్లు కూడా నాకే పడ్డాయి. మా వాడు అలాంటివాడు కాదని గట్టిగా చెప్పాను. నా మాట నిలబెట్టు.

నీ అక్క

తా.క.: సభకి పిలిచేవాళ్ళ జాబితాలో నీ పేరు ఆయన కొట్టేశారు. నేను మళ్ళీ రాశాను. ఆయన మళ్ళీ కొట్టేశారు. ఇప్పుడక్కడ కాగితానికి చిల్లు పడింది.

*

అక్కకి నమస్కారాలు.

నేను సూపర్‌వైజర్ని కాను. పార్సిల్‌లో కాలర్ పంపుతున్నాను. పూర్తిగా నా చేతి పనే. చూస్తే నీకు అర్థమవుతుంది.

నీ తమ్ముడు

*

చిరంజీవి తమ్ముడికి దీవెనలు.

కాలర్ అందింది. మూలలు ఎంత బాగా తిప్పావురా. మిగతా చొక్కా వాయిదాల మీద వస్తుందనుకుంటున్నాను. ఈ వారం చేతులు పంపినా, పై వారానికి ఒళ్ళు కుదురుతుంది.

మీ బావ లెక్క వేరు. మీ యజమాని నీకు గుడ్డ కూడా దక్కనివ్వడం లేదట. సంఘం తరఫున ఖండిస్తూ తీర్మానం రాశారు.

నీ అక్క

తా.క.: దాన్ని మీ యజమానికే పోస్టు చేశారు. నీ పేరు మూడుసార్లు వస్తుంది.

*

అక్కకి నమస్కారాలు.

తీర్మానం అందింది. యజమాని నన్ను పిలిపించి నా చేతే చదివించాడు. ఉద్యోగం పోతుందనుకున్నాను. జాలిపడి, చిన్న లోపాలున్న చొక్కాలు రెండిచ్చి పంపాడు. తిట్టినా బాగుండేది.

అక్కా, నాకు చొక్కా కుట్టడం రాదు. ఒకప్పుడు వచ్చేది, నువ్వు నేర్పావు. ఇక్కడ చేరిన రోజునుంచి నా చేతికొచ్చింది కాలర్ ఒక్కటే, రోజుకి రెండొందల కాలర్లు. చేతులు కుట్టేవాడు ఆ గోడ దగ్గర కూర్చుంటాడు, జేబులు కుట్టే ఆవిడ కిటికీ దగ్గర. చొక్కా మొత్తం మాలో ఎవరికీ రాదు. మొన్న ఆదివారం నీ కొలతలూ, కొన్న గుడ్డా ముందేసుకుని పొద్దుటినుంచీ కూర్చున్నాను. చంక దగ్గర గుడ్డ ఎలా తిప్పాలో ఎంత ఆలోచించినా గుర్తు రాలేదు. ఏడుపొచ్చింది. నువ్విచ్చిన విద్య పోగొట్టుకున్నానని నీకెలా చెప్పాలో తెలియక ఇన్ని సాకులు చెప్పాను.

నీ తమ్ముడు

తా.క.: పాడైన ఆ గుడ్డకి కాలర్ మాత్రం బ్రహ్మాండంగా కుదిరింది.

*

చిరంజీవి తమ్ముడికి దీవెనలు.

మీ బావ పాత చొక్కాతోనే సభకి వెళ్ళారు. రాసుకున్న ఉపన్యాసం పక్కన పెట్టి నీ ఉత్తరం చదివారు. చెప్పులకి అడుగులు మాత్రమే అతికించే ఒకాయన లేచి, "కార్యదర్శిగారు ఇన్నాళ్ళూ చెప్పింది ఇవాళే అర్థమైంది" అన్నాడు. సంతోషించాలో ఏడవాలో మీ బావకి తెలియలేదు.

ఇంటికొచ్చి చాలాసేపు తన చొక్కానే చూసుకున్నారు.

"ఇది ఎవరు కుట్టారు?" అన్నారు.

"నేనే."

"మిగతావి?"

"పెళ్ళైన దగ్గరనుంచి అన్నీ నేనే."

"దర్జీ అనుకున్నాను," అన్నారు.

నాకు కోపం రాలేదు, బాధేసింది. మరి ఈసారి తమ్ముణ్ణి ఎందుకడిగావన్నారు. సూది బెజ్జం కనిపించడం మానేసి ఏడాదైందని చెప్పాను. నీ చొక్కా వస్తే ఈ సంగతి ఎవరికీ తెలియకుండా గడిచిపోతుందనుకున్నాను. నువ్వు నీ చేతుల సంగతి దాచావు, నేను నా కళ్ళ సంగతి దాచాను. ఎవరిని ఏమనుకోవాలి?

సెలవు పెట్టి రా. గుడ్డ నా వేళ్ళకి ఇంకా తెలుసు. నేను పట్టుకుని చెబుతాను, నువ్వు కుట్టు. ఆలస్యం చేయకు. చూపు ఎన్నాళ్ళుంటుందో డాక్టరు చెప్పడం లేదు.

నీ అక్క

తా.క.: పొద్దుటినుంచి మీ బావ తన చొక్కాకి గుండీ కుట్టుకుంటున్నారు. దారం చివర ముడి వేయాలని తెలియక, అంతా అయ్యాక గుండీ ఊడి చేతిలోకొచ్చింది. "ఇది ఇంత పనా?" అని అడిగారు. దారం చివర ముడి వేసి ఆయన చేతికిచ్చాను.