పదకొండో పాటకు నా షరతు

సిడ్నీలో గిరావీన్ నివాసి, ఏలూరులో పుట్టి పెరిగిన మద్దాల జోజయ్య అనే నేను, వయసు అరవై ఒకటి, ఊపిరితిత్తులు చెడినా బుద్ధి చెడలేదని డాక్టరు చేత కాగితం తీసుకుని, ఎవరి బలవంతమూ లేకుండా, నిండు కోపంలో ఉండి నా చేత్తో నేనే రాసుకున్న కడపటి వీలునామా ఇది. ఇంతకు ముందు రాసినవేవీ చెల్లవు.

1. దీన్ని అమలు జరిపే బాధ్యత మార్క్‌కి అప్పగిస్తున్నాను. మా చర్చి కుర్రాడే. నా కూతురు ఫేబీ పాడిన ‘పేపర్ వెరాండా’ బ్యాండులో గిటార్ వాయించేవాడు. ఏడుపుని అరుపులా పాడతారు, దాన్ని ఎమో అంటారట. మార్క్ పేరు వింటేనే నాకు ఒళ్లుమంట. అయినా నా మొహం మీద నిజం చెప్పింది అతనొక్కడే కాబట్టి అతన్నే నియమిస్తున్నాను.

2. ఇల్లు, బ్యాంకులో ఉన్నది, సర్వం ఫేబీకి చెందాలి. తనకేమీ అక్కర్లేదని మెల్‌బోర్న్ నుంచి కబురు పంపింది. అక్కర్లేకపోతే అమ్ముకోమనండి. నేను మాత్రం ఇంకెవరికీ రాయను.

3. నా భార్య కరోలిన్ కుట్టుమిషను పక్కింటి కమలకి. ఫిజీ నుంచి సర్వం వదిలేసి వచ్చిన మనిషి, నేను మంచాన పడ్డాక రోజూ గంజి కాచి తెస్తోంది. మిషను పెడల్ కొంచెం గట్టిగా తొక్కాలని చెప్పండి.

4. ఇండియా వెళ్లినప్పుడల్లా మా కేసెట్లు మోసుకెళ్లే ద్వారకానాథ్ గారికి ఏమీ ఇవ్వను. కారణం కింద రాస్తున్నాను.

5. 1989 ఆగస్టులో కరోలిన్ పోయింది. ఆ వారంలోనే ఫేబీ వాళ్లమ్మ మీద ఒక పాట కట్టి, మా గ్యారేజీలో ఒకే ఒక్కసారి పాడింది. మళ్లీ పాడమంటే పాడనంది. ఆ పాట ఉన్నది ఒక్క కేసెట్లో, బ్యాండు సాధనంతా అయ్యాక చివర్న. పేరు రాయలేదు గానీ, దాని మీద ఎవరూ రికార్డు చేసి చెరపకుండా వెనక అంచున ఉండే రెండు బుల్లి పలకలూ విరగ్గొట్టి పెట్టుకుంది.

ముప్పయ్యో రోజు చర్చిలో పూజ జరిగిన ఆదివారం మధ్యాహ్నం ద్వారకానాథ్ గారు ఫోన్ చేశారు. సాయంత్రం ఇండియా వెళ్తున్నాను, మీ అక్కకి ఉత్తరం బదులు మాటల కేసెట్ పంపేదుంటే గంటలో ఇవ్వండి అన్నారు. షాపులు మూసేశారు. అలమరలో ఈ కేసెట్ కనబడింది, పేరు లేదు, పాతదేదో అనుకున్నాను. మళ్లీ రికార్డయ్యేలా ఆ రెండు బొక్కలకీ సెల్లోటేపు అంటించి, ఏలూరులో ఉన్న మా అక్క మరియరాణికి ఇరవయ్యారు నిమిషాలు మాట్లాడాను. పూజకి ఎవరొచ్చారు, ఎవరు మొహం చాటేశారు, బిర్యానీలో ఉప్పు ఎలా తగ్గింది, అన్నీ చెప్పాను. కరోలిన్ లేక ఇల్లు ఎలా ఉందో ఒక్క ముక్క చెప్పలేదు. నా కూతురి ఏడుపు మీద బిర్యానీ సంగతి రికార్డు చేశాను.

తెలిశాక మార్క్ గుమ్మంలో నిలబడి, “అంకుల్, దట్ వజ్ ది ఓన్లీ కాపీ. అమ్మ పోయింది, ఇప్పుడు పాట కూడా లేదు. వాట్ డు ఐ టెల్ హర్?” అన్నాడు. కేసెట్ మీద పేరు రాసుకోవాలని తెలీదా అని అతని మీదే అరిచాను. ఫేబీ అరవలేదు. పెట్టె సర్దుకుని వెళ్లిపోయింది. మూడేళ్లు కావస్తోంది.

6. బ్యాండు విడిపోయింది. ఎక్కడా రాని పాటలూ, రికార్డుల వెనకవైపు వేసిన పాటలూ పోగేసి వచ్చే మార్చిలో ఆల్బమ్ తెస్తున్నారు. అట్ట మీద వేసే రాత మార్క్ నాకు పోస్టులో పంపాడు. పదకొండో పాట పేరు, దాని కింద ‘గాయని తండ్రి చెరిపేశాడు’ అని. అక్కడ ఒక నిమిషం నిశ్శబ్దం పెడతారట. ఆ ముక్క రాసినందుకు మార్క్‌ని క్షమించను. నిజం కాబట్టి అసలు క్షమించను.

7. ఈస్టరుకి మా అక్క పోయింది. ఆవిడ కూతురు లీల నా కేసెట్ తిరిగి పంపింది. అక్క రోజూ వినేదట, నేను ‘ఉంటాను’ అనగానే కట్టేసేదట. నేను కట్టేయలేదు. నా మాటల తర్వాత పాట చివరి రెండున్నర నిమిషాలు మిగిలే ఉన్నాయి. నా బిడ్డ వాళ్లమ్మని పిలుస్తోంది. ఆవేళ పక్కగదిలో ఉండి కూడా నేను వినలేదు.

ఫోన్ చేసి చెప్పొచ్చుగా అంటారు. చేశాను, నాలుగుసార్లు. నా గొంతు వినగానే పెట్టేసింది. డాక్టరు నాకు క్రిస్మస్ దాకా గడువిచ్చాడు, ఆల్బమ్ మార్చిలో. అందుకే ఇక్కడ రాస్తున్నాను.

8. కేసెట్ నా బైబిలు పక్కన ఉంది. సెల్లోటేపు పీకేశాను. అది ఫేబీ సొత్తు. పాట ఆల్బమ్‌లో వేసేట్టయితే నాదొకటే షరతు. పాట దగ్గర మొదలుపెట్టకూడదు, నా చివరి మాట దగ్గర మొదలుపెట్టాలి. మార్క్ జాలిపడి దాన్ని కత్తిరించకూడదు. కత్తిరించే హక్కు ఫేబీకి ఒక్కదానికే ఉంది. ఆ మాట ఇది: “ఇంతేనక్కా, ఇంక చెప్పడానికేం లేదు, ఉంటాను.”

తర్వాత నా కూతురు పాడుతుంది.

14 జూన్ 1992, గిరావీన్.

(సంతకం) మద్దాల జోజయ్య

మా ఎదుట సంతకం చేశారు:
1. విద్యావతి, నర్సు
2. అచ్యుత్, పోస్టాఫీసులో తోటి ఉద్యోగి